హీరో పక్కన నిలబడ్డోడు

(జగిత్యాలల విద్యార్థులు, ఉద్యోగుల నడుమ చేసిన ప్రసంగ పాఠం)



సినిమా ముచ్చటంటే హీరోల ముచ్చటే అయితది. నేను హీరో పక్కన నిలబడేటోని గురించి మాట్లాడుత. పోస్టర్ మీద ఆయన బొమ్మ ఉండది. పిలిస్తే పోవాలె, పిలువకుంటే ఇంట్ల కూసోవాలె. సినిమా పొడుగైందంటే ముందుగాల తెగేది ఆయన సీనే. సిరిసిల్ల సాంచాల కాడ పనిచేసిన మనిషికి ఈ బతుకు సమజ్ చేయనక్కర లేదు. నూలుంటే పని, లేకుంటే లేదు.

ఆ సిరిసిల్ల నుంచే వేణు ఎల్దండి పోయిండు. 2004ల తేజ తీసిన 'జై'తోని తెర మీదికొచ్చిండు. 2007ల 'మున్నా'ల టిల్లు వేషం కడితే ఆ పేరే అంటుకున్నది. టిల్లు వేణు అన్నరు. తర్వాత ఎన్ని వేషాలు కట్టినా అన్నీ నవ్వించేటియే. 2013ల టీవీల 'జబర్దస్త్' మొదలైతే ఒక జట్టుకు నాయకుడైండు. ఇంటింటికి ముఖం తెలిసింది. అయినా ఆయన దగ్గర ఒక కథ ఉంటదని ఎవలనుకున్నరు? కమెడియన్ కథ చెప్తనంటే కూడా నవ్వేటోళ్లే ఎక్కువ.

ఇక్కడ మన యాస సంగతి చెప్పాలె. 1985ల 'ప్రతిఘటన' వచ్చింది. అండ్ల కోట శ్రీనివాసరావు కాశయ్య వేషం కట్టి మన యాస మాట్లాడిండు. కోట గొప్ప నటుడు, 2025ల పోయిండు, ఆయన మీద నాకే పంచాది లేదు. కృష్ణా జిల్లా మనిషి మన మాట నేర్చుకొని పలుకుడు తప్పు కాదు. తప్పెక్కడంటే, ఆ మాట దుర్మార్గునికి, రౌడీకి, పనిమనిషికి తప్ప ఇంకెవలికీ ఇయ్యకపోవుడు. హీరో తల్లి మన తీరుగ మాట్లాడితే కొంపలు మునుగుతయా? ఉద్యమంల మనం ఊరూర అడిగిన ప్రశ్న ఇదే గద!

వేణు జవాబు 2023 మార్చి 3న వచ్చింది. 'బలగం'. సిరిసిల్ల జిల్లా కొదురుపాకల తీసిండు. నిర్మించింది దిల్ రాజు సంస్థనే. 'మున్నా' తీసింది కూడా దిల్ రాజే. టిల్లు వేషం నుంచి డైరెక్టర్ కుర్సీ దాకా పదహారేండ్లు పట్టింది. కథ ఏంది? ముసలాయన సచ్చిపోతడు, పిట్ట ముట్టది. నల్లిబొక్క కాడ మొదలైన బావబామ్మర్దుల కొట్లాట ఇంటిని రెండు చేస్తది. అగో, ఇది మన వాడకట్టు ముచ్చట గాదా? ఊళ్లల్ల తెరలు కట్టుకొని చూసిండ్రు. పక్కపక్కనే కూసొని ఏడ్చిండ్రు.

నాకు ఇంకా ముఖ్యమనిపించింది వేరే ఉన్నది. ఆ సినిమాల సుధాకర్ రెడ్డి, మురళీధర్ గౌడ్, రూపలక్ష్మి అసొంటోళ్లే కథను మోసిండ్రు. రూపలక్ష్మికి సహాయ నటిగ ఫిలింఫేర్ వచ్చింది. పాట రాసిన కాసర్ల శ్యామ్‌కు 2025ల జాతీయ అవార్డు ప్రకటించిండ్రు. పక్కన నిలబడేటోళ్లే నడుమకొచ్చిండ్రు.

మన జగిత్యాల జిల్లా మల్యాల మండలం లంబాడిపల్లి గంగవ్వను మరువద్దు. కూలికి పోయింది, బీడీలు చేసింది. 'మై విలేజ్ షో'ల మాట్లాడింది మాట్లాడినట్టే తీస్తే లోకం చూసింది. 'మల్లేశం', 'లవ్ స్టోరీ' సినిమాలల్ల కనపడ్డది. 2020ల, మళ్ల 2024ల బిగ్‌బాస్ ఇంటికి పోయింది. ఏ యాక్టింగ్ స్కూలూ నేర్పని టైమింగు ఆమెది. కోరుట్ల, మెట్‌పల్లిల చాటల ఆకు పెట్టుకొని కూసున్న అక్కలు ఆమెల తమను తాము చూసుకున్నరు.

అయితే ఖుషీ పడుడు కాడనే ఆగొద్దు. 'బలగం' చివరల పాడి ఏడిపించిన మొగిలయ్య కిడ్నీలు చెడిపోయి 2024 డిసెంబర్‌ల పోయిండు. సాయం చేసినోళ్లు ఉన్నరు, కాదన. గని సాయం వేరు, హక్కు వేరు. బీడీలు చేసే అక్కకు పీఎఫ్ నంబరుంటది. పాట పాడే మనిషికి ఏమున్నది? ఉద్యోగులు మీరు, ఈ లెక్క మీకే మంచిగ తెలుసు.

ఇంకోటి. ఇప్పుడు మన యాసకు గిరాకీ వచ్చింది గని ఏ సీన్ల? చావు, కల్లు, దావత్. జగిత్యాల కోర్టుల వాదించే వకీలు ఏ మాట మాట్లాడుతడు? కోరుట్ల దవాఖానల డాక్టరమ్మ ఏ మాట మాట్లాడుతది? ఆ వేషాలు మనోళ్లకు ఎన్ని వచ్చినయో చెప్పుండ్రి.

విద్యార్థులకు ఒక పని చెప్త. మిద్దె రాములు ఒగ్గుకథ చెప్పిన జాగ ఇది. మీ మీ ఊళ్లల్ల ఒగ్గు చెప్పేటోళ్లు, బాగోతమాడేటోళ్లు, నాటకాలేసి మానేసినోళ్లు ఎవలెవలున్నరో, పేరు, వయసు, ఏ వేషం కడ్తరో రాసుకోండ్రి, వాళ్లను అడిగే రాయండ్రి. సెలవులల్ల తిరిగితే మండలానికో కాపీబుక్కు నిండుతది. మనుషులు కావాలని హైదరాబాద్ నుంచి ఎవలన్న అడిగితే ఆ కాపీబుక్కు చేతికియ్యుండ్రి. కూలి ఎంతిస్తరో ముందుగాలనే అడుగుండ్రి.