ఇరువది దినముల కొక దినము



నేటి ఉపన్యాసమునకు వేతనముతో కూడిన వార్షిక సెలవు లెక్కను విషయముగా ఎన్నుకొంటినని వినగానే ఒక మిత్రుడు, "ఇరువదితో భాగించుటకు గంటసేపు ఉపన్యాసమెందుకండీ?" అని నవ్వినాడు. భాగహారమునకు గంట అక్కరలేదు, అది నిజమే. కాని దేనిని భాగింపవలెనో ఆ సంఖ్యను నిర్ణయించునప్పుడే, అనగా సంవత్సరములోని ఏ దినమును పనిచేసిన దినముగా ఎంచవలెను, ఏ దినమును త్రోసివేయవలెను అను విచారణలోనే, కార్మికునకు రావలసిన సెలవు నిలుచుటయో జారిపోవుటయో జరుగుచున్నది. అన్యాయము భాగహారములో జరుగుట అరుదు. అది హాజరుపట్టీలోని గళ్ళలో జరుగును. నేను చెప్పదలచినది ముఖ్యముగా ఇంతే.

పూర్వరంగమును కొంచెము స్మరింతము. 1936వ సంవత్సరమున జెనీవాలో సమావేశమైన అంతర్జాతీయ కార్మిక మహాసభ, ఏడాదిపాటు ఎడతెగక పనిచేసిన వానికి కనీసము ఆరు పనిదినముల సెలవును వేతనముతో ఈయవలెనని ఒక ఒడంబడికను ఆమోదించినది. ఆ సంవత్సరమే ఫ్రాన్సు దేశము, సమ్మెలతో కర్మాగారములు స్తంభించిపోయిన పిమ్మట, రెండు వారముల సెలవును శాసనము చేసినది. మన 1934 నాటి ఫ్యాక్టరీల చట్టములో ఈ ప్రసక్తియే లేదు. డాక్టరు అంబేద్కరు వైస్రాయి కార్యనిర్వాహక మండలిలో కార్మిక శాఖను వహించియున్న కాలమున, 1945లో, ఆ చట్టమును సవరించి, పండ్రెండు మాసములు నిరంతరముగా పనిచేసిన పెద్దలకు పది దినములును, పిల్లలకు పదునాలుగు దినములును సెలవు కల్పించిరి. పిల్లలకు ఎక్కువ సెలవు దయచేసిన ఆ చట్టమే పిల్లలు మిల్లులో పనిచేయవచ్చునని అనుమతించిన చట్టమని మరువరాదు. తరువాత 1948 నాటి ఫ్యాక్టరీల చట్టము వచ్చినది. 1954లో దానిని సవరించినప్పుడు, నేడు మనమందరము కంఠస్థము చేసియున్న 240 దినముల నియమము 79వ సెక్షనులో స్థిరపడినది.

ఆ నియమము చూచుటకు సరళమైనది. ఒక కేలండరు సంవత్సరములో 240 దినములు, లేక అంతకు మించి, పనిచేసిన వయోజనునకు, ఆ సంవత్సరమున పనిచేసిన ప్రతి ఇరువది దినములకును ఒక దినము చొప్పున మరుసటి సంవత్సరములో సవేతనమైన సెలవు లభించుచుండెను. లెక్కలో వచ్చు భిన్నము అర దినమో అంతకు మించియో ఉన్నచో పూర్తి దినముగాను, తక్కువైనచో శూన్యముగాను ఎంచవలసియుండెను. సంవత్సరమునకు 365 దినములు. వారపు సెలవులు 52 పోగా 313. జాతీయ దినములు, పండుగలు కలిసి ఎనిమిది పోయినవనుకొన్నచో 305. అనగా ఒక్కనాడైనను మానక, జ్వరమునకు గాని పెండ్లికి గాని చావునకు గాని ఆగక, ఏడాదిపొడవున గేటులో అడుగిడినవానికి దక్కునది పదునైదు దినములు. 250 దినములు వచ్చినవానికి పండ్రెండున్నర పదుమూడగును. 249 వచ్చినవానికి పండ్రెండే. 240 వచ్చినవానికిని పండ్రెండే. మరి 239 వచ్చినవానికి? ఆ నియమము క్రింద ఏమియు లేదు. పండ్రెండుకు ఒకటి తక్కువ కాదు, పదియు కాదు, శూన్యము.

ఈ 240 దినముల గట్టును చట్టకర్తలు ఎందుకు కట్టిరో నాకు తోచిన కారణము చెప్పెదను. ఆనాటి మిల్లు కార్మికుడు సగము రైతు. కోతలకు ఊరికి పోయినవాడు మాసముల తరబడి తిరిగిరాడని యాజమాన్యముల మొర. క్రమముగా వచ్చువానికే సెలవు అను షరతుతో వానిని మగ్గము దగ్గర నిలుపవచ్చునని భావించియుందురు. నేడు ఊరిలో వానికి పొలము లేదు. గట్టు మాత్రము నిలిచియున్నది; అంతేకాక, 230వ దినము దాటకముందే పేరు కొట్టివేసి, పది దినములు ఆగి, క్రొత్త పేరుపట్టీలో మరల చేర్చుకొను గుత్తేదారులకు అది మంచి ఆయుధమైనది. ఇట్టి పట్టీలను చేతబట్టి చూచిన న్యాయవాదులు ఈ సభలోనే ఉన్నారు.

మస్టరును, అనగా హాజరుపట్టీని, దగ్గరగా చూతము. ఒక్కొక్క గడిలో ఒక్కొక్క అక్షరము: వచ్చిననాడు 'పి', రానినాడు 'ఎ', వారపు సెలవునాడు 'డబ్ల్యు.ఓ.', పనిలేక యాజమాన్యమే ఇంటికి పంపిననాడు 'ఎల్.ఓ.'. గుమాస్తా సంవత్సరాంతమున 'పి'లను మాత్రమే కూడినచో లెక్క తప్పినదన్నమాటే. ఏలయనగా, ఫ్యాక్టరీల చట్టము మూడు విధములైన దినములను, పనిచేయకున్నను పనిచేసినట్లే భావింపుమనెను: ఒప్పందము చొప్పుననో స్థాయీ ఉత్తరువుల చొప్పుననో జరిగిన లే-ఆఫ్ దినములు, పండ్రెండు వారములకు మించని ప్రసూతి సెలవు, క్రిందటి ఏట ఆర్జించి ఈ ఏట అనుభవించిన సెలవు. ఇవి 240 నింపుటకు పనికివచ్చెను. కాని వీనిపై క్రొత్త సెలవు పుట్టదు. గట్టు దాటుటకు ఒక లెక్క, ఇరువదితో భాగించుటకు వేరొక లెక్క. ఈ రెండింటిని ఒకటిగా చేసి కూర్చునుటయే మన కార్యాలయములలో సర్వసాధారణమైన పొరపాటు.

ఉదాహరణమునకు, విజయనగరము ప్రాంతపు ఒక జూటు మిల్లులో పనిచేయు స్త్రీని ఊహింపుడు. ఆమె 171 దినములు పనిచేసినది. పండ్రెండు వారములు, అనగా 84 దినములు, ప్రసూతి సెలవులో నున్నది. రెండును కలిపి 255, గట్టు దాటినది. భాగింపవలసినది మాత్రము 171నే; ఎనిమిదిన్నరకు పైగా వచ్చును గనుక తొమ్మిది దినముల సెలవు. ఇంతవరకు బాగున్నది. కాని 2017లో ప్రసూతి ప్రయోజనముల చట్టమును సవరించి, మొదటి ఇద్దరు బిడ్డల విషయమున సెలవును ఇరువదియారు వారములకు పెంచిరి. ఫ్యాక్టరీల చట్టములోని పండ్రెండు వారముల మాటను కదపలేదు. ఇప్పుడు అదే స్త్రీ ఇరువదియారు వారములును ఒకే సంవత్సరములో వాడుకొన్నదనుకొనుడు. 365లో 182 పోగా 183. వానిలో వారపు సెలవులు 26 పోగా 157. పండుగలైదు పోగా 152. ఆ 152 దినములలో ఒక్కటియు విడువక ఆమె పనిచేసినను, ప్రసూతి సెలవులో లెక్కకు వచ్చునవి 84 మాత్రమే గనుక మొత్తము 236. నాలుగు దినములు తక్కువ! ఒక చట్టము చేయిచాచి ఇచ్చినదానిని రెండవ చట్టము చూచి, నీవు సరిగా పనికి రాలేదు పొమ్మన్నది. ఇందు ఎవరి దురుద్దేశమును లేదు. ఒక వాక్యమును సవరించినవారు దానికి చుట్టమైన రెండవ వాక్యమును చూడలేదు. కాని ఆ నిర్లక్ష్యపు మూల్యమును చెల్లించినది బాలింత.

2020లో పార్లమెంటు ఆమోదించి, 2025 నవంబరు 21న అమలులోనికి తెచ్చిన వృత్తి భద్రత, ఆరోగ్యము, పని పరిస్థితుల కోడ్ ఈ చిక్కును చాలవరకు విప్పినది. దాని 32వ సెక్షను గట్టును 180 దినములకు దించినది. ప్రసూతి సెలవునకు వారముల పరిమితి లేకుండ, సెలవంతయు లెక్కింపుమన్నది. మన జూటు మిల్లు స్త్రీకి ఈ కోడ్ క్రింద 152లో 182 చేరి 334 అగుచున్నది. 152ను ఇరువదిచే భాగింపగా ఏడు దినములకు మించిన సెలవు ఆమెకు నిర్వివాదముగా దక్కును. సంవత్సరము నడుమ చేరినవాని విషయమున మార్పు మరియు పెద్దది. జులై 1న చేరినవానికి మిగిలినవి 184 దినములు; పాత చట్టము వానిలో మూడింట రెండు వంతులు, అనగా 123 దినములు, పనిచేయవలెననెను; క్రొత్త కోడ్‌కు నాలుగవ వంతు, 46 దినములు, చాలును. ఇరువదికొకటి అను మూల సూత్రము మాత్రము కదలలేదు. భూగర్భములో పనిచేయువారికి పదునైదుకొకటి; సింగరేణి బొగ్గుగనులలో దిగువారికి ఇది క్రొత్తది కాదు, 1952 నాటి గనుల చట్టము క్రిందనే వారు 190 హాజరులపై ఈ రేటును అనుభవించుచుండిరి.

దుకాణములలోను, హోటళ్ళలోను పనిచేయువారి మార్గము వేరు. తెలుగు నేలపై వారికి 1988 నాటి దుకాణముల, సంస్థల చట్టము పదునైదు దినముల సెలవు నిచ్చుచున్నది. దానిని నేడు ముట్టను.

దినముల లెక్క తేలినపిదప రూపాయల లెక్క. సెలవు దినమునకు ఎంత ఈయవలెను? ఫ్యాక్టరీల చట్టము 80వ సెక్షను ప్రకారము, సెలవునకు ముందరి మాసమున కార్మికుడు నిజముగా పనిచేసిన దినములకు వచ్చిన మొత్తము ఆదాయమునుండి ఓవర్‌టైమును బోనసును తీసివేసి, కరువుభత్యమును ఉంచి, ఆ పనిదినములచే భాగింపవలసియుండెను. దినవేతనముపై నున్నవాడొకడు ముందరి నెలలో 26 దినములకు 17,100 రూపాయలు తీసికొన్నాడు. అందు ఓవర్‌టైము 1,500. మిగిలిన 15,600ను 26చే భాగింపగా దినమునకు 600. కొన్ని కార్యాలయములలో అలవాటుచొప్పున 30తో భాగించి 520 అని వ్రాయుదురు. దినమునకు 80 రూపాయలు. పండ్రెండు దినములకు 960. ఎవరును దొంగిలింపలేదు, ఎవరికిని అనుమానమును రాదు, వేయిమంది గల మిల్లులో అది ఎంత మొత్తమగునో మీరే హెచ్చవేసికొనుడు. క్రొత్త కోడ్ వేతనమునకు నిర్వచనమునే మార్చినది. లెక్కనుండి మినహాయించిన భత్యములు మొత్తము ప్రతిఫలములో సగమును మించినచో, మించిన భాగము తిరిగి వేతనములో చేరును. మూలవేతనమును పిట్టంత చేసి భత్యములను ఏనుగంత చేసిన జీతపుపట్టీలను ఇప్పుడు తిరుగవ్రాయక తప్పదు.

సెలవు నడుమను, ముందువెనుకలను వచ్చు సెలవుదినములు సెలవులో చేరవు. సోమవారము మొదలు రెండు వారముల శనివారము వరకు పండ్రెండు దినములు తీసికొన్నవాడు, మూడు ఆదివారములు కలిసి, పదునైదు దినములు ఇంట నుండగలడు. నాలుగు దినములు గాని అంతకు మించి గాని సెలవు మంజూరైన వయోజనునకు ఆ సెలవు వేతనమును సెలవు మొదలుకాకముందే చేతిలో పెట్టవలెనని పాత చట్టములోని 81వ సెక్షను. ఇంత మనసెరిగిన సెక్షను మరియొకటి లేదని నా అభిప్రాయము. సంక్రాంతికి ఊరికి పోవువానికి, పండుగ వెళ్ళిన తరువాత వచ్చు డబ్బెందుకు? అయితే పాత చట్టము క్రింద ఆ సంక్రాంతి సెలవునకు పదునైదు దినములు ముందుగా వ్రాతమూలకముగా దరఖాస్తు పెట్టవలసియుండెను. అనగా డిసెంబరు నెలాఖరులోగా. సంవత్సరమునకు మూడు పర్యాయములకు మించి అడుగుటకు వీలులేకుండెను. జబ్బుచేసినవానికి ఈ గడువు వర్తింపకుండెను.

నోటిమాటగా అడిగి, నోటిమాటగానే "ఇప్పుడు కాదు" అనిపించుకొని వెనుదిరుగు కార్మికుడు రెండు విధముల నష్టపోవుచున్నాడు. సాధారణముగా వాడని సెలవు ముప్పది దినములకు మించి ముందుకు సాగదు. కాని అడిగినను నియమవిరుద్ధముగా నిరాకరింపబడిన సెలవునకు ఆ పరిమితి లేదు. ఎంతకాలమైనను, ఎన్ని దినములైనను అది వాని ఖాతాలో నిలుచును. నిరాకరించినట్లు కాగితము లేనిచో అది కేవలము వాడుకొనని సెలవై, ముప్పది దాటినంతనే ఆవిరియగును. క్రొత్త కోడ్ సంవత్సరాంతమున కోరినచో సెలవును సొమ్ముగా మార్చుకొను హక్కును, ముప్పది మించినదానిని నగదు చేసికొను హక్కును ఇచ్చినది గనుక ఈ నష్టము కొంత తగ్గును. అయినను దరఖాస్తు పెట్టి, దానిపై మేనేజరుచేత వ్రాయించుకొను అలవాటును సంఘములవారు నేర్పవలసియే యున్నది.

ఇక ఒక వైపరీత్యము. ఉద్యోగము మానినవానికి, తీసివేయబడినవానికి, గట్టుతో నిమిత్తము లేకుండ, పనిచేసినన్ని దినములకు ఇరువదికొకటి చొప్పున సెలవు వేతనము, రెండవ పనిదినము ముగియకముందే చెల్లింపవలెను. పదవీవిరమణ చేసినవానికి, మరణించినవాని వారసులకు రెండు మాసముల లోపల. నూరు దినములు పనిచేసి మానుకొన్నవానికి ఐదు దినముల వేతనము దక్కును. 239 దినములు పనిచేసి, మానక, మరుసటి ఏటికిని అదే మగ్గము దగ్గర నిలిచినవానికి పాత చట్టము క్రింద ఏమియు దక్కలేదు. క్రొత్త కోడ్‌లో 179 దినములవాని గతియు ఇదే. వెళ్ళిపోవువాని విషయమున గట్టు అక్కరలేదని చట్టమే ఒప్పుకొన్నప్పుడు, ఉండువాని విషయమున అది ఎందులకో నాకు బోధపడదు. ఆ షరతును పూర్తిగా తీసివేసి, మొదటి ఇరువది దినములు నిండిననాటినుండియే సెలవు జమ అగునట్లు సవరింపవలెనని నా ప్రతిపాదన. దీనికి యాజమాన్యముల పక్షమున చెప్పదగిన సమాధానములు లేకపోలేదు. ఆ పక్షమువారు ముందువరుసలోనే ఉన్నారు గనుక, అధ్యక్షులవారి అనుమతితో వారినే మొదట మాటలాడుమని కోరుచున్నాను.