శిశువుల పాలకక్కు – ముక్కుదిబ్బడ



మన పూర్వులు ఆయుర్వేదమునకు ఎనిమిది యంగములు చెప్పి, అందొకదానికి కౌమారభృత్యమని పేరిడిరి. బిడ్డల పోషణ మొక శాస్త్రమని వారెఱుగుదురు. అయినను శాస్త్రము వేఱు, ఇంటి యలవాటు వేఱు. ఈ భేదమును నేను మనుమడు పుట్టిన పిమ్మటనే నేర్చుకొంటిని.

నెలల బిడ్డకు ముక్కు దిబ్బడవేయగా, మా యింటి యాచారము చొప్పున నూనెచుక్కలు వేయుడని నేనే చెప్పితిని. బిడ్డ ఉక్కిరిబిక్కిరియై నీలమెక్కెను. దైవానుగ్రహమున తేఱుకొనెను. ముక్కున వేసిన నూనె ఊపిరితిత్తులలోనికి దిగి వాపు పుట్టింపగలదని వైద్యురాలు మందలించినది. ఆనాటి భయమే నేడు నన్ను మీతో మాటాడించుచున్నది.

పాలు కక్కుట వేఱు, వాంతి వేఱు. అన్ననాళమునకును జీర్ణకోశమునకును నడుమ కవాటమువంటి కండరము కలదు. శిశువులకది యింకను పట్టు చిక్కియుండదు. ఆహారమా ద్రవము; బిడ్డయా సదా పరుండియుండును. కావున పాలు సులభముగా పైకి వచ్చును. నాలుగవ నెల ప్రాంతమున ఇది హెచ్చుగా నుండి, కూర్చుండ నేర్చిన కొలది తగ్గి, ఏడాది నిండునప్పటికి పెక్కుమందికి మానిపోవును. బిడ్డ బరువు పెరుగుచు ఉల్లాసముగా నున్నచో నిది వ్యాధి కాదు.

పాలు కొద్దికొద్దిగా పలుమార్లు ఈయవలెను. నడుమను, తుదిని త్రేన్పు తెప్పింపవలెను. పిమ్మట 20, 30 నిమిషములు నిలువుగా నెత్తికొనవలెను. కక్కునను భయముచే బోరగిల నిద్రింపజేయరాదు, తలగడయు కూడదు. బోరగిల నిద్రించు శిశువులలో ఆకస్మిక మరణములు హెచ్చని తేలినందున, 1992లో అమెరికా శిశువైద్య సంఘమువారు ఆ పద్ధతి వలదని యుపదేశించిరి. వెల్లకిల నిద్రయే క్షేమము.

ఇక ముక్కు మాట. తొలి నెలలలో శిశువు ముఖ్యముగా ముక్కుతోనే ఊపిరి పీల్చును. ఆ రంధ్రములు మిక్కిలి సన్నములు. కొంచెము చీమిడి యెండినను గురగురమను చప్పుడగును. పాలు త్రాగుచు ఊపిరాడక బిడ్డ రొమ్ము విడిచి యేడ్చును, గాలి మింగును, మరల కక్కును. కక్కిన పాలు ముక్కునకెక్కి దిబ్బడను పెంచవచ్చును. ఇట్లొకటి రెండవదానికి తోడగుచున్నది.

మందులంగడిలో శిశువులకై యమ్ము ఉప్పునీటి చుక్కలను, పాలిచ్చుటకు ముందు రంధ్రమున కొకటి రెండు వేసి, మెత్తబడిన చీమిడిని మెల్లగా తీయవలెను. నూనె, కర్పూరము, ఘాటు లేపనములు, నోటితో ఊదుట తగవు. సాంబ్రాణి పొగయు, చుట్టపొగయు బిడ్డకు సోకనీయరాదు. ఏడాది లోపల తేనె నాకింపరాదు. వైద్యుడు చెప్పనిదే జలుబుమందు పోయరాదు.

ఆకుపచ్చని వాంతి, నెత్తురు, ప్రతిమారు పాలు దూరముగా చిమ్ముకొని పడుట, బరువు పెరుగకుండుట, మూత్రము తగ్గుట, డొక్క లెగురవేయుట, పెదవులు నీలమగుట, మూడు నెలల లోపున 100.4 డిగ్రీల జ్వరము – వీనిలో నేదైనను కనబడినచో వెంటనే వైద్యునికడకు పోవలెను. రెండు నెలల లోపు బిడ్డ నిమిషమునకు 60 మారులు, అటుపై ఏడాది లోపు బిడ్డ 50 మారులు, లేక అంతకు మించి ఊపిరి తీయుటయు ప్రమాదమే.

తాతలారా, అమ్మమ్మలారా! మన వాత్సల్యమునకు లోపము లేదు. దానికి వివేకము తోడైన చాలును. అడిగి తెలిసికొనుట పెద్దఱికమునకు కొఱత కాదు.