తెరను పరీక్షించు విధము

(వార్షికోత్సవ సందర్భమున తల్లిదండ్రుల సభయందు సంఘము పక్షమున చేయబడిన ప్రసంగ పాఠము)



ఈ యేడు మన పాఠశాల తరగతి గదులకు టెలివిజను తెరలు వచ్చిన సంగతి మీరెరుగుదురు. ఇంటియందును పిల్లల చదువునకై ఒక మానిటరు కొనవలెనని తలచి పలువురు మమ్ము సలహా యడుగుచున్నారు. ఏ కంపెనీది మంచిదన్నదే అందరి ప్రశ్న. ఆ ప్రశ్నకు మేము జవాబు చెప్పబోము. కంపెనీ పేరు చూచి తెర గుణమును నిర్ణయించుట సంచిమీది బొమ్మను చూచి బియ్యము కొనుట వంటిది. పిడికెడు గింజలు అరచేతిలో పోసికొని చూచినట్లు తెరను గూడ స్వయముగా చూచు ఉపాయ మొకటి కలదు. దానిని ఇంజనీర్లు టెస్ట్ ప్యాటర్న్ అందురు. మనము పరీక్షాచిత్రమందము.

ఈ విషయము ఇతరులకంటె మనకెక్కువగా పట్టవలసిన కారణమున్నది. ఆంధ్ర, తెలంగాణములలో పెరుగు బిడ్డకు తెలుగక్షరము వీధిపలకపైనను, బస్సు నుదుటను, అంగడి గోడపైనను కనబడుచునే యుండును. బడిలో ఒక అక్షరము మసకగా కనబడినను వీధి దానిని సరిదిద్దును. మన బిడ్డలకు ఆ వసతి లేదు. వారికి తెలుగు కనబడునది పుస్తకమున, నల్లబల్లపైన, ఇప్పుడీ తెరపైన. 'ద'కును 'ధ'కును భేదము అడుగున నుండు చిన్న గీత మాత్రమే. 'ప'కును 'ఫ'కును అంతే. గుడికిని గుడిదీర్ఘమునకును భేదము పైనుండు చిన్న కొస. ఆ గీత, ఆ కొస తెరలో కరగిపోయినచో బిడ్డ 'ధనము'ను 'దనము' అని చదువును, అట్లే వ్రాయును. తప్పు బిడ్డదని మనమందుము.

పరీక్షాచిత్రము క్రొత్త వస్తువేమియు కాదు. అమెరికాలో ఆర్.సి.ఎ. కంపెనీవారు 1939లో ఆదివాసి నాయకుని ముఖముతో కూడిన చిత్రమొకటి సిద్ధము చేసిరి. అందులో వృత్తములును, ఒకదానికొకటి దగ్గరగుచు పోవు సన్నని గీతలును ఉండెడివి. గీతలు వేరువేరుగా కనబడుట మాని ఎచ్చట ఒకే బూడిద పట్టీగా కలిసిపోవునో, అచ్చటి అంకెను చూచి ఆ యంత్రము ఎంత సూక్ష్మమును చూపగలదో నిర్ణయించెడివారు. బ్రిటనులో బి.బి.సి. వారు 1967లో వెలువరించిన చిత్రమున నల్లబల్ల యెదుట ఒక బాలిక బొమ్మతో సున్నాలు, ఇంటూల ఆట ఆడుచుండును. ఆ చిత్రమును రూపొందించిన ఇంజనీరు జార్జి హెర్సీ కుమార్తెయే ఆ బాలిక. చూచువారికది ముచ్చటయైన బొమ్మ. కాని బల్లమీది ఇంటూ గుర్తు సరిగా తెర నడిబొడ్డున పడవలెను. బాలిక ముఖచ్ఛాయ మనిషి చర్మపు రంగువలెనే యుండవలెను. లేనిచో యంత్రమును సరిచేయవలసినదే. ఆ కాలముననే ఫిలిప్స్ కంపెనీ కోపెన్‌హేగన్ ప్రయోగశాలలో ఫిన్ హెండిల్ అను ఇంజనీరు పెద్ద వృత్తమును, గళ్ళను, రంగు పట్టీలను కూర్చి మరియొకటి తయారు చేసెను. 1959లో ఆరంభమైన మన దూరదర్శనము తరువాతి దినములలో అట్టి వృత్తపు చిత్రమునే కార్యక్రమములకు ముందు చూపెడిది. దానిని చూచుచు వార్తలకై కూర్చున్నవారు ఈ సభలో పలువురుందురు. వృత్తము కోడిగ్రుడ్డువలె సాగినదా, నిండుగా గుండ్రముగా నున్నదా యని చూచుటకే దానినక్కడ ఉంచిరని అప్పుడు మనకెవరును చెప్పలేదు.

ఇక నేటి తెరల సంగతి. పూర్తి హెచ్.డి. అనబడు తెరలో అడ్డముగా 1920, నిలువుగా 1080, మొత్తము 20,73,600 చుక్కలుండును. పరీక్షాచిత్రము సరిగా అన్ని చుక్కలతోనే తయారైయుండవలెను. చిత్రములోని ఒక్కొక్క చుక్క తెరమీది ఒక్కొక్క చుక్కపై పడవలెను. వాట్సాపులో ఒకరు పంపిన చిత్రమును పెట్టి పరీక్షించుట వృథా. అది త్రోవలో కుదింపబడి దాని గీతలు అప్పటికే చెడియుండును. పి.ఎన్.జి. ఫైలుగా పెన్‌డ్రైవులో తీసికొని పోవలెను.

మొదట అంచుల పరీక్ష. చిత్రమునకు నాలుగు ప్రక్కల ఒక్క చుక్క వెడల్పున తెల్లని గీత యుండును. తెరపై ఆ గీత నాలుగు వైపుల కనబడవలెను. పలు టెలివిజనులలో కనబడదు. పూర్వపు గాజు గొట్టముల టెలివిజనులలో బొమ్మ అంచులు వంకరగా నుండెడివి గనుక వాటిని చట్రము క్రింద దాచుటకై బొమ్మను కొంచెము సాగదీసెడివారు. గొట్టములు పోయినవి గాని ఆ అలవాటు పోలేదు. అంచున నాలుగక్షరములు పోయిన పోవుగాక, అసలు నష్టము వేరు. బొమ్మను సాగదీయుటవలన ఏ చుక్కయు తన స్థానమున పడక ప్రక్కచుక్కతో కలసిపోవును. అప్పుడు 'ధ' అడుగు గీత మొదటికే మోసము వచ్చును. ఈ దోషమునకు మందు సెట్టింగులలోనే యున్నది. దానికి ఒక్కొక్క కంపెనీ ఒక్కొక్క పేరు పెట్టినది: జస్ట్ స్కాన్ అని, స్క్రీన్ ఫిట్ అని, డాట్ బై డాట్ అని.

రెండవది గీతల పరీక్ష. మా దృష్టిలో ఇదియే ప్రధానమైనది. ఒక చుక్క నలుపు, ఒక చుక్క తెలుపు, మరల నలుపు, ఇట్లు తెరనిండ సన్నని గీతలుండును. దగ్గరకు పోయి చూచినచో దువ్వెన పండ్లవలె వేరువేరుగా కనబడవలెను. అలలు, మచ్చలు, బూడిద చారలు తోచినచో తెర చుక్కలకును సంకేతపు చుక్కలకును పొత్తు కుదరలేదని యర్థము. మన అయిదవ తరగతి గదిలో మొదట పరీక్షించినప్పుడు తెరయంతయు అలలే. ముందు చెప్పిన సెట్టింగు మార్చి, కంప్యూటరు రిజల్యూషనును తెరకు సరిపెట్టగా గీతలు విడివడినవి. పిమ్మట తెలుగు అయ్యవారు ఒక స్లైడుపై ద, ధ, డ, ఢ, ప, ఫ, బ, భ వ్రాసి వెనుక బెంచీల పిల్లలచేత చదివించిరి. అది మన స్వంత పరీక్షాచిత్రము. ఏ ప్రయోగశాలయు దానిని మనకు చేసిపెట్టదు.

అక్షరముల కంటిన మరియొక చిక్కు రంగులది. టెలివిజను సంకేతములలో వెలుగుచీకట్లను చుక్కచుక్కకును పంపుదురు గాని, రంగును నాలుగు చుక్కలకు ఒకమారు మాత్రమే పంపుట వాడుక. సినిమా చూచుటకు ఇది చాలును. నీలి భూమిపై ఎర్ర అక్షరము వ్రాసినప్పుడు మాత్రము అంచులు అలుకుకొనిపోవును. కంప్యూటరు తీగ తగిలించిన ఇన్‌పుటును పి.సి. అని మార్చినచో పలు టెలివిజనులలో ఇది సర్దుకొనును. స్లైడులకు రంగులు పూయు ఉత్సాహము గల యువోపాధ్యాయులు తెలుపుపై నలుపునే వాడుదురుగాక యని మా మనవి. షార్ప్‌నెస్ అనునది పెంచినకొలది అక్షరము స్పష్టమగునని కొందరి నమ్మకము. అది అక్షరము చుట్టు ఒక తెల్లని నీడను చేర్చునే గాని లేని సూక్ష్మమును తేలేదు. నీడ మాయమగువరకు తగ్గించుడు.

మూడవది నలుపు మెట్ల పరీక్ష. కారునలుపు భూమిపై కొంచెము కొంచెము తేరుకొను గళ్ళుండును. అమెరికా ఇంజనీర్లు 1970 దశకమున నిర్ణయించిన రంగు పట్టీల చిత్రమున గూడ అడుగున ఇట్టి మూడు సన్నని పట్టీలుండును. వెలుగును సర్దినప్పుడు మొదటి రెండు ఒకటిగా కలిసిపోయి, మూడవది మాత్రము కనబడీ కనబడక నిలువవలెను. కంప్యూటరు నలుపును 0, తెలుపును 255 అని లెక్కించును. టెలివిజను ప్రసారమున నలుపు 16, తెలుపు 235. ఈ రెండు లెక్కలు పొసగనప్పుడు 16కు దిగువనున్న గళ్ళన్నియు ఒకే చీకటియగును, 235కు పైనున్నవన్నియు ఒకే తెలుపగును. చంద్రుని ఛాయాచిత్రమును, సూక్ష్మదర్శిని చిత్రమును చూపు విజ్ఞాన పాఠమునకు ఇది పెద్ద లోపము.

కోణపు పరీక్షకు యంత్రజ్ఞానము అక్కరలేదు. బూడిద మెట్ల చిత్రమును పెట్టి గదిలో అటునిటు నడువుడు. గోడ ప్రక్క బెంచీలోను కూర్చుండి చూడుడు. ముందువరుస నేలపై కూర్చుండు బిడ్డ ఎత్తునకు వంగియు చూడుడు. చవుకరకపు తెరలలో క్రిందనుండి చూచినప్పుడు మెట్లు తారుమారై చీకటి తెలుపగును, తెలుపు చీకటియగును. అంగడివారు మనలను సరిగా ఎదురుగా నిలువబెట్టుదురు. బాగా మిరుమిట్లుగొలుపు వివిడ్ పద్ధతిలో పూలతోటలను, చిలుకలను చూపుదురు. చిలుకను చూచి తెరను మెచ్చుకొనరాదు. పద్ధతిని స్టాండర్డునకు మార్పించి, మన పెన్‌డ్రైవును తగిలించుటకు ఒప్పుకొనని అంగడిలో కొనకుండుట మేలు.

చచ్చిన చుక్కల పరీక్ష సులభము. ఎరుపు, ఆకుపచ్చ, నీలము, తెలుపు, నలుపు ఒక్కొక్కటిగా తెరనిండ చూపి, మారని చుక్క యేదైన నున్నదేమో వెదకుటయే. వాపసు గడువు తీరకముందే చేయవలెను.

ఈ చిత్రములన్నియు, తెలుగక్షరముల స్లైడుతో గూడ, ఒక పెన్‌డ్రైవున చేర్చి పాఠశాల కార్యాలయమున నుంచితిమి. కావలసినవారు పేరు వ్రాయించి తీసికొనిపోయి రెండు దినములలో తిరిగి యీయగలరు. తరగతి గదులలో ఏడవ తరగతి తెర యొక్కటి మిగిలియున్నది. పడమటి కిటికీ వెలుగు మధ్యాహ్నము సూటిగా దానిపై పడి నలుపు మెట్లు ఒక్కటియు కనబడుటలేదు. కిటికీకి గుడ్డతెర వేయించిన పిమ్మట దానిని మరల పరీక్షింతుము.