చిత్రనిర్మాత నాగిరెడ్డిగారు

(కోనియందు మన సాంస్కృతిక సంఘ సభలో చేసిన ప్రసంగ పాఠము)



చలనచిత్రమును గూర్చి ముచ్చటించునపుడు మనము ముందుగా నటుని పేరు చెప్పుదుము. పిదప దర్శకుని, సంగీతకర్తను తలంతుము. నిర్మాత వంతు వచ్చుసరికి ‘డబ్బు పెట్టినవాడు’ అని ఒక్క మాటతో ముగింతుము. ఆ మాట ఎంత అసంపూర్ణమో మనవి చేయుటయే నేటి నా ఉద్దేశము.

ముందుగా జర్మనీ దేశపు నిర్మాత ఒకరిని స్మరింతును. ఎరిక్ పొమ్మర్ 1889లో హిల్డెస్‌హైమ్ నగరమున జన్మించెను. 1927 నాటి ‘మెట్రోపొలిస్’, 1930 నాటి ‘బ్లూ ఏంజెల్’ మున్నగు ప్రసిద్ధ చిత్రములు ఆయన నిర్మించినవి. దర్శకుని, ఛాయాగ్రాహకుని, కళాదర్శకుని ఏరి తెచ్చి ఒక జట్టుగా కూర్చుటయే ఆయన విద్య. యూదుడగుటచే 1933లో స్వదేశమును విడువవలసి వచ్చెను. యుద్ధానంతరము 1946లో అమెరికా ప్రభుత్వము తరఫున చలనచిత్రాధికారిగా తిరిగి వచ్చి, కూలిపోయిన జర్మన్ చిత్రపరిశ్రమను మరల నిలుపుటకు పూనుకొనెను. తన్ను వెళ్ళగొట్టిన దేశమునకే పని నేర్పిన చేతులను తిరిగి సమకూర్చి పెట్టుట సామాన్య విషయము కాదు. 1966లో ఆయన కన్నుమూసెను.

తెలుగువారిలో అట్టి కూర్పరి ఎవరని అడిగినచో, నేను బి. నాగిరెడ్డిగారి పేరు చెప్పుదును. ఆయన 1912లో కడప జిల్లాలో జన్మించిరి. ప్రఖ్యాత దర్శకులు బి. ఎన్. రెడ్డిగారు వారి అన్నగారు. మద్రాసులో ముద్రణాలయము నడపుచు, రచయిత చక్రపాణిగారితో చేయి కలిపి 1947 జులైలో ‘చందమామ’ను వెలువరించిరి. పిదప ఆ ఇరువురే విజయా సంస్థను స్థాపించిరి. వాహినీ స్టూడియోను తొలుత కౌలుకు గైకొని, తరువాత స్వంతము చేసికొని, విజయా వాహినిగా విస్తరింపజేసిరి. నటులను, సాంకేతిక నిపుణులను నెలజీతములపై నిలుపుకొనుట ఆ సంస్థ పద్ధతి. జీతపు రాళ్ళ విలువ తెలిసిన మనకు ఆ పద్ధతిలోని ధైర్యము వేరుగ చెప్పనక్కరలేదు.

ఇక నా ముఖ్య విషయము. విజయావారి తొలి చిత్రము ‘షావుకారు’ 1950లో విడుదలయ్యెను. విజ్ఞులు మెచ్చిరి గాని ధనము తగినంత రాలేదు. దర్శకులు ఎల్. వి. ప్రసాద్‌గారు. లెక్కలు మాత్రమే చూచు యజమాని వారికి అంతటితో నమస్కారము పెట్టియుండును. విజయావారు అట్లు చేయలేదు. 1952లో ‘పెళ్ళిచేసి చూడు’ వారి చేతనే తీయించిరి. అది ప్రజలను మెప్పించెను. 1954లో కమలాకర కామేశ్వరరావుగారి ‘చంద్రహారము’ మిక్కిలి వ్యయముతో తయారై పరాజయము పొందెను. ఆ కామేశ్వరరావుగారే 1962లో అదే సంస్థకు ‘గుండమ్మ కథ’ తీసి ఇచ్చిరి. మధ్య వచ్చిన ‘మిస్సమ్మ’, ‘మాయాబజార్’ చిత్రములలో పింగళి నాగేంద్రరావుగారి పాటలు, మార్కస్ బార్ట్లీగారి ఛాయాగ్రహణము ఒకదానికొకటి అమరినవనిన, ఆ చేతులు ఏండ్ల తరబడి కలసి పనిచేయుటయే కారణము.

ఆ ఏర్పాటులో కాఠిన్యము లేదని నేననను. ‘మిస్సమ్మ’లో నాయికగా తొలుత భానుమతిగారు నటింపసాగిరి, చక్రపాణిగారితో భేదాభిప్రాయము కలుగగా ఆ పాత్ర సావిత్రిగారిని వరించెను. జట్టు అన్నచో కట్టుబాటు ఉండును. కట్టుబాటునకు మూల్యమును ఉండును. అయినను పని చెడినప్పుడు పనివానిని విడువకుండుట ఆ సంస్థ నడతలో స్పష్టముగా కానవచ్చును.

నాగిరెడ్డిగారికి 1986వ సంవత్సరపు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారము లభించెను. 2004లో వారు దివంగతులైరి. వడపళనిలో స్టూడియో ఉన్న నేలపై నేడు అంగళ్ళ సముదాయము వెలసినది. ‘చందమామ’ ఆగిపోయినది. 1972లో స్థాపించిన విజయా ఆసుపత్రి నిలిచియున్నది; చిత్రములు నిలిచియున్నవి. బడిలో హిందీ చదువుకొను మన పిల్లలు ఘటోత్కచుని మాటలకు నవ్వుచున్నారన్న, తెలుగు వారి చెవిని ఇంకను విడువలేదని అర్థము.

మిత్రులారా! కార్యాలయములో ఒక దస్త్రము చెడినచో దానిని సరిదిద్దవచ్చును. దానిని వ్రాసిన గుమాస్తాను ఆ ఒక్క తప్పునకు మూలకు నెట్టినచో, అతనిలోని పనితనమును మనమే పోగొట్టుకొందుము. మన సంఘమున సయితము ఒక నాటకము రక్తి కట్టనిచో మరుసటి ఏడు దర్శకుని మార్చుట అలవాటైనది. రెండవ నాటకమును ఆయన చేతికే ఇచ్చి చూడుడని నా ప్రార్థన. ‘షావుకారు’ తరువాత తలుపు మూసియున్నచో ‘పెళ్ళిచేసి చూడు’ ఆ రూపున మనకు దక్కియుండెడిది కాదు.