పేరు చెప్పిన మనిషి – మాసుమా బేగం
(సంఘ వార్షికోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ పూట ఒక శాసన సభ్యురాలిని గురించి నాలుగు మాటలు చెప్పమని కార్యవర్గం వారు ఆజ్ఞాపించారు. మాసుమా బేగం గారి పేరు ఎత్తగానే మన కుర్రవాళ్ళు "ఎవరామె?" అన్నారు. వాళ్ళ తప్పేం లేదు. మేము ఎన్నడైనా చెప్తేగా!

ఆమె పుట్టింది పెద్దింట్లోనే, దాచడమెందుకు? నిజాం కాలంలో విద్యాశాఖకు పెద్దదిక్కు అయిన సయ్యద్ హుసేన్ బిల్‌గ్రామీ గారు ఆమెకు మాతామహులు. ఇప్పుడు అఫ్జల్‌గంజ్‌లో ఉన్న పెద్ద గ్రంథాలయానికి ఆనాడు అంకురార్పణ చేసింది వారే. తల్లి తయ్యిబా బేగం ఘోషా రోజుల్లోనే పట్టా పుచ్చుకున్న విదుషీమణి, నవల కూడా రాశారు. ఆ తల్లి అడుగుజాడల్లో కూతురు అంజుమన్-ఎ-ఖవాతీన్ అనే స్త్రీల సంఘం పనిలో దిగారు. ఓట్లడగడానికి ముందే ఎన్నో ఏళ్ళు ఆ సేవ నడిచింది. సీటు కోసం సేవ మొదలుపెట్టిన మనిషి కారన్నమాట.

ఇక 1952. పోలీసు చర్య జరిగి నాలుగేళ్ళు కాలేదు. పాతబస్తీలో భయం ఇంకా పూర్తిగా తీరలేదు. అటువంటప్పుడు ఒక ముస్లిం స్త్రీ కాంగ్రెసు తరఫున షాలిబండలో నిలబడి హైదరాబాదు శాసనసభకు గెలిచారు. అది ఎంత కష్టమో తెలియాలంటే ఇంకొక సంగతి చెప్పాలి. ఆ తొలి ఎన్నికల్లో దేశం మొత్తం మీద దాదాపు 28 లక్షల మంది స్త్రీల పేర్లు ఓటర్ల జాబితాలోంచి తీసివేయవలసి వచ్చింది. కారణమేమంటే, రాసుకోవడానికి వచ్చిన వాళ్ళకు ఆ తల్లులు తమ పేరు చెప్పలేదు. "ఫలానావారి భార్యని, ఫలానావారి కూతుర్ని" అన్నారు, అంతే! అన్ని మతాల వాళ్ళూ అందులో ఉన్నారు. ఎక్కువమంది ఉత్తరాది వాళ్ళే. అయినా మనం నవ్వుకోవడానికి లేదు, ఎందుకో చివర్లో చెబుతాము.

1956లో ఆంధ్రప్రదేశ్ ఏర్పడింది. ఆంధ్ర ప్రాంతం సభ్యులు 1955లోనే ఎన్నికై ఉన్నారు కనుక 1957లో తెలంగాణాలో మాత్రమే ఎన్నికలు జరిగాయి. బేగం గారు ఈసారి పత్తర్‌గట్టీ నుంచి నెగ్గారు. 1960లో దామోదరం సంజీవయ్య గారు ముఖ్యమంత్రి అయ్యారు. దళితులలో నుంచి వచ్చి ఆ పదవి అందుకున్న మొదటివారు దేశంలో ఆయనే. ఆయన మంత్రివర్గంలో సాంఘిక సంక్షేమం మాసుమా బేగం గారి చేతికి వచ్చింది. మన రాష్ట్రంలో మంత్రి అయిన తొలి ముస్లిం మహిళ ఆమే.

తరువాత 1962లో అదే పత్తర్‌గట్టీలో, మంత్రిగా ఉండగానే ఓడిపోయారు. గెలిచినవారు మజ్లిస్ అభ్యర్థి సుల్తాన్ సలాహుద్దీన్ ఒవైసీ గారు. శాసనసభకు వారికదే తొలి గెలుపు. తర్వాత 1984 నుంచి 2004 దాకా వారే హైదరాబాదు పార్లమెంటు సభ్యులు. ఏ పార్టీ మంచిది అనే తగువులోకి మేము దిగము, ఆ తగువు టీకొట్టు దగ్గర రోజూ ఉన్నదే. కాని గెలిచినవారి పేరు అందరి నోటా ఉండి, పదేళ్ళు సభలో కూర్చున్న స్త్రీ పేరు ఊసులో లేకుండా పోవడం మాకు బాగాలేదు. ఆ షాలిబండ, ఆ పత్తర్‌గట్టీ వీధులుగా ఉన్నాయే గాని, ఆ పేర్లతో నియోజకవర్గాలు ఇప్పుడు లేవు.

నవ్వుకోవడానికి లేదన్నాము కదా! ఈ ప్రసంగం రాసుకుంటూ మన సంఘం సభ్యత్వ రిజిస్టరు తెప్పించి చూశాము. మగవాళ్ళ పేర్లన్నీ ఇంటిపేర్లతో సహా శుభ్రంగా ఉన్నాయి. ఆడవాళ్ళ దగ్గరకు వచ్చేసరికి "సాహెబు గారి బీబీ", "మాస్టారి అమ్మాయి" అని ఉంది. కుట్టు మిషన్ల కోసం, ఫీజుల కోసం వచ్చిన అర్జీలలోనూ అదే వరస. చందా కట్టింది వాళ్ళు, పేరు మాత్రం మగాయనది. రాసింది ఎవరో కాదు, మేమే.

అందుకని ఈ ఏడు రిజిస్టరు కొత్తగా రాయిస్తున్నాము. భోజనాలయ్యాక తెర అవతలే బల్ల వేయిస్తాము, కార్యదర్శి గారి అమ్మాయి కలం పట్టుకుని కూర్చుంటుంది. ఎవరి పేరు వాళ్ళే చెప్పాలి. పక్కనుంచి మగవాళ్ళు అందించకూడదు.