ప్రేక్షకురాలి ముఖము ఎవరి సొత్తు?

(కరీంనగరమందలి యొక పఠనమందిరమున నొక న్యాయవాది చేసిన యుపన్యాసము)



మన కరీంనగరమునుండియు, ఆదిలాబాదునుండియు యువతీయువకులు క్రికెట్టు చూచుటకై హైదరాబాదులోని ఉప్పల్ మైదానమునకు పోవుచున్నారు. అచ్చటి టెలివిజన్ కెమెరా ఆటగానినే గాక ప్రేక్షకునిగూడ జూపును. క్షణకాలము తెరపై గనబడినవారు తెల్లవారునప్పటికి దేశమంతట బ్రసిద్ధులగుట కలదు. ఈ కీర్తి వారు కోరినది కాదు. వలదన్న మరలునదియు గాదు.

1960 జనవరిలో బొంబాయి బ్రాబోర్న్ మైదానమున ఆస్ట్రేలియాపై అర్ధశతకము చేసిన మన హైదరాబాదు ఆటగాడు అబ్బాస్ అలీ బేగ్ కడకు ఒక యువతి పరుగెత్తివచ్చి చెంపపై ముద్దిడెను. రేడియోలో విజయ్ మర్చంట్ చమత్కరించెను. క్రికెట్టు ప్రియులు నేటికిని ఆ ముచ్చట చెప్పుకొందురు. కాని బొంబాయికి టెలివిజన్ వచ్చినది 1972లో. ఆమె ముఖమును ఇంటింట జూపు యంత్రము నాడు లేదు.

2019 మే 4న బెంగుళూరులో హైదరాబాదు జట్టు ఆడిన ఐ.పి.ఎల్. పోటీయందు, ఎదుటి జట్టు నభిమానించు నొక యువతి కొన్ని క్షణములు తెరపై గనబడెను. ఆమె మైదానములోనికి దిగలేదు. ఏ తప్పును చేయలేదు. అయినను అపరిచితులు ఆమె పేరు వెదకి పట్టిరి. లక్షలకొలది జనులు ఆమె ఇన్‌స్టాగ్రామ్ ఖాతా వెంటబడిరి. పలువురు అసభ్యముగ వ్రాసిరి. తన ఏకాంతము ఒక్క క్షణమున దోచబడెనని ఆమెయే వెల్లడించెను.

ఆ యేడే జూలై 2న బర్మింగ్‌హాములో, బంగ్లాదేశముతో జరిగిన ప్రపంచకప్పు పోటీలో, బూర యూదుచు 87 ఏండ్ల యవ్వ తెరపై గనబడెను. ఆట ముగిసిన పిదప కోహ్లీ, రోహిత్ శర్మ ఆమె కడకేగి యాశీర్వాదము బొందిరి. దేశము సంతసించెను. అవ్వను జూపినదియు, యువతిని జూపినదియు అట్టి కెమెరాయే. భేదము చూచిన కన్నులలో నున్నది.

టికెట్టు కొన్ననాడే ప్రసారమున కొప్పుకొనినట్లు గదా యని కొందరు వాదింతురు. టికెట్టు షరతు ప్రసారకునకు చిత్రము జూపు ననుమతి నీయవచ్చును. చూచువానికి దూషించు నధికారము నీయజాలదు. 2017 ఆగస్టు 24న సుప్రీంకోర్టునందు తొమ్మండుగురు న్యాయమూర్తులు ఏకాంతము ప్రాథమికహక్కని ఏకగ్రీవముగ నిర్ణయించిరి. వలదన్న స్త్రీని మరల మరల వెంటాడుట భారతీయ న్యాయ సంహిత 78వ సెక్షను క్రింద నేరము. మాటచేత ఆమె మర్యాదకు భంగము గలిగింపబూనుట 79వ సెక్షను క్రింద నేరము. దానికి మూడేండ్లవరకు శిక్ష గలదు.

ఇది విని, "ఆడపిల్ల ఆటకు పోనేల?" యని మన పెద్దలు అందురేమో! దొంగలున్నారని ఇంటివారిని చెరబెట్టుట న్యాయమా? మన యాడబిడ్డ వేలమంది నడుమ గూర్చుండి నిర్భయముగ చప్పట్లు కొట్టగలుగుటయు స్వరాజ్యములోని భాగమే.

కావున యువకులారా, మీ చేతి ఫోనునకు ఇట్టి చిత్రము వచ్చినపుడు ఆమె పేరు వెదకకుడు, ఊరు విచారింపకుడు, ఇతరులకు పంపకుడు. స్నేహితుడు పంపినచో తప్పని వానితో జెప్పుడు. ఆట చూడవచ్చినయామె ఆట చూచి, వచ్చిన గౌరవముతోడనే ఇల్లు చేరవలెను.