దంతాలు రాని ఏనుగుపిల్ల
(రేడియో ప్రసంగ పాఠం)



ఆఫ్రికాలో మొజాంబిక్ అనే దేశముంది. అక్కడి గొరొంగోసా అడవిలో ఒక ఆడ ఏనుగుపిల్లను ఊహించుకోండి. మన దేశపు ఆడ ఏనుగులకు పొడవాటి దంతాలు ఉండవు గాని, అక్కడ సాధారణంగా ఆడవాటికీ ఉంటాయి. ఈ పిల్లకు మాత్రం రాలేదు. తోటివి దంతాలతో బెరడు ఒలుస్తాయి, నేల తవ్వుతాయి. దీనికి ఆ పని చేతకాదు. మనమైతే "అయ్యో, లోపంతో పుట్టింది" అంటాం.

1977 నుండి 1992 వరకు ఆ దేశంలో అంతర్యుద్ధం జరిగింది. ఇరుపక్షాలవారూ దంతాల కోసం ఏనుగులను చంపారు. అక్కడి ఏనుగుల్లో నూటికి తొంభైకి పైగా నశించాయి. బ్రతికి బయటపడ్డ ఆడ ఏనుగుల్లో ఇంచుమించు సగం దంతాలు లేనివే! యుద్ధానికి ముందు అవి దాదాపు 18 శాతమేనని 2021లో శాస్త్రజ్ఞులు ప్రకటించారు. దంతాలు లేని ఏనుగుతో వేటగాడికేం పని?

మరి ఆ పిల్ల ఏం తిని పెరిగిందంటారా? దంతాలున్నవి తినే మొక్కలకూ, లేనివి తినే మొక్కలకూ కొంత తేడా ఉందని కూడా వారు కనుగొన్నారు. తొండానికి అందిన దానితో అది తన బ్రతుకు తాను నేర్చుకుంది.

దంతాలు లేకపోవడమే మేలని నేననడం లేదు. ఆ లక్షణం సంక్రమించిన మగపిల్లలు పుట్టకముందే చనిపోతాయని అదే పరిశోధన సూచిస్తోంది. ఈ సంగతి దాచిపెట్టి తియ్యగా బోధించడం నాకిష్టం లేదు.

న్యాయాధిపతులు 3వ అధ్యాయం తెరవండి. ఏహూదు ఎడమచేతివాటం గలవాడు. మోయాబు రాజు క్రింద 18 సంవత్సరాలు నలిగి ఇశ్రాయేలీయులు మొరపెట్టినప్పుడు, దేవుడు వారికొరకు లేపిన రక్షకుడు ఇతడే. కుడిచేతివారు కత్తిని ఎడమ తొడకు కట్టుకుంటారు. ఇతడు వస్త్రం లోపల కుడి తొడకు కట్టుకొని వెళ్లాడు. తరువాత దేశం 80 సంవత్సరాలు నెమ్మదిగా ఉంది.

అమ్మా, అయ్యా, మీ ఇంట్లో ఎడమచేత్తో బలపం పట్టే బిడ్డ ఉన్నాడా? ఆ వేళ్లమీద కొట్టి కుడిచేతికి మారుస్తున్నారా? నత్తిగా మాట్లాడే అమ్మాయిని, చుట్టాలు రాగానే లోపలి గదిలోకి పంపుతున్నారా? మీరు వారితో ఏమంటున్నారో ఆమె తలుపు వెనుకనుండి వింటూనే ఉంటుంది. ఈ ప్రసంగం ముగియగానే ఆమెను పిలవండి. ఈ రాత్రి కుటుంబ ప్రార్థనలో వాక్యం ఆమెచేతనే చదివించండి. ఎంతసేపు పట్టినా మధ్యలో మాట అందించకండి.